రెండు గడుల సంవత్సరం

మా నాయన కంప్యూటర్ ప్రాణం విడిచిన రోజు ఆయన దాన్ని బియ్యం సంచిలో పెట్టుకొని ఆళ్లగడ్డ నుంచి నంద్యాలకు బస్సులో వచ్చాడు. ఒక్క ఫోన్ చేసి ఉంటే మా ఆయన బండి వేసుకొని పోయి తెచ్చేవాడు. చెయ్యడు. మా నాయనకు ఎవరినీ ఏదీ అడగడం చేతకాదు. ఊరంతా వచ్చి ఆయన్ని అడగడమే ఆయనకు అలవాటు. నంద్యాల జిల్లా కేంద్రమయ్యాక మా జిరాక్స్ అంగడికి పని పెరిగింది. దరఖాస్తులు పట్టుకొని నిలబడిన జనాన్ని తప్పించుకుంటూ వచ్చి ఆ సంచిని నా బల్ల మీద పెట్టాడు.

"దీన్ని బతికించు పాపా," అన్నాడు.

మూత విప్పి చూశాను. లోపలి బోర్డు మీది కెపాసిటర్లు ఉబ్బిపోయి, జిగురు కారి ఉంది. అప్పటికే దానికి ఎన్నో సార్లు ఏవేవో మార్చి నెట్టుకొచ్చాను. ఇక దానికి సామాను కూడా దొరకదు. "ఇది పోయింది నాయనా, కొత్తది కొనిస్తా," అన్నాను. "కొత్తదాంట్లో మన ప్రోగ్రాం ఆడతాదా?" అన్నాడు. ఆడదని చెప్పాను. "అయితే నాకెందుకది?" అని సంచి మళ్ళీ మడతపెట్టుకున్నాడు. ఆ మడతపెట్టడం చూస్తే నాకు ఒళ్ళు మండింది, జాలీ వేసింది. మా నాయనతో నాకు ఎప్పుడూ ఈ రెండూ కలిసే వస్తాయి.

ఆ ప్రోగ్రాం ఏమిటో చెప్పాలి. ఆళ్లగడ్డ బజారులో మాకు కిరాణా అంగడి ఉంది. ఇప్పుడు మా అన్న చూసుకుంటున్నాడు. నాయన చిన్నప్పుడే తన మేనమామ దగ్గర జాతకాలు లెక్కకట్టడం నేర్చుకున్నాడు. అంగడి వెనక గదిలో కూర్చొని, పెళ్ళి సంబంధాలకు పొంతన కుదురుతుందో లేదో చూసి చెప్పేవాడు. పైసా తీసుకోడు. ఆకూ వక్కా ఇస్తే తీసుకుంటాడు. "దుడ్లు తీసుకుంటే నిజం చెప్పనీకి నోరు రాదు," అనేవాడు. కళ్ళు మసకబారడం మొదలైన కాలంలో కర్నూలులో ఎవరో రాసిన జాతకం ప్రోగ్రాం ఒకటి ఫ్లాపీల మీద తెచ్చుకున్నాడు. నల్లటి తెర మీద పచ్చటి అక్షరాలు. పుట్టిన తేదీ, వేళ, ఊరు కొడితే 'లెక్క జరుగుచున్నది' అని కాసేపు చుక్కలు పెట్టుకుంటూ పోయేది. ఆ తరవాత ప్రింటర్ కీచుమని అరుస్తూ, అంచుల్లో చిల్లులున్న పొడుగాటి కాగితం కక్కేది. ఆ అరుపు విని బజారులో వాళ్ళు "శెట్టి ఎవరికో పెళ్ళి చేస్తాండాడు," అనుకునేవాళ్ళు.

జనానికి మా నాయన మీద ఉన్న నమ్మకం ఒకెత్తయితే, ఆ కాగితం మీద నమ్మకం ఇంకొకెత్తు. మనిషైతే మొహమాటపడతాడు, మిషన్‌కు మొహమాటమేముంది అనేవాళ్ళు. చుట్టుపక్కల పల్లెల నుంచి, కులమేదైనా, సంబంధం మాట్లాడుకోకముందు ఒకసారి అంగడి వెనక గదికి వచ్చిపోయేవాళ్ళు. నాకు మాత్రం జాతకాల మీద ఎప్పుడూ నమ్మకం లేదు. ఆ మాట ఇంట్లో ఎన్నో సార్లు అన్నాను. నాయన కోప్పడడు. "నువ్వు నమ్మాకు పాపా, మిషన్ బాగుచేస్తే సాలు," అంటాడు.

ఆ కంప్యూటర్‌లో ఇంకొకటి కూడా ఉండేది, ఇటుకలు పగలగొట్టే ఆట. కింద ఒక పలక, దాని మీద ఎగిరే బంతి, పైన రంగురంగుల ఇటుకల వరసలు. జాతకాలకు వచ్చేవాళ్ళు లేనప్పుడు మా అన్న కూతురు తాత ఒళ్ళో కూర్చొని అది ఆడేది. తాత ఒక బాణం గుర్తు మీట, ఆమె ఇంకొకటి నొక్కేవాళ్ళు. ఇద్దరికీ కుదరక బంతి కింద పడితే, తప్పు నీదంటే నీదని మొత్తుకునేవాళ్ళు. ఆ పిల్ల పెద్దదై నంద్యాలలో డిగ్రీ చదివిన మూడేళ్ళూ నా దగ్గరే ఉంది.

సరే, బతికించమన్నాడు కదా. చచ్చిన యంత్రాన్ని బతికించలేం గానీ, కొత్త యంత్రం లోపల దాని వేషం కట్టించవచ్చు. దాన్ని ఎమ్యులేటర్ అంటారు. కొత్త కంప్యూటర్‌లో నడుస్తూ, లోపలున్న పాత ప్రోగ్రాంకు "నేను నీ పాత మిషన్‌నే" అని నమ్మబలికే సాఫ్ట్‌వేర్ అది. ఫ్లాపీలు చదివే పరికరం ఒకటి తెప్పించి, బూజు పట్టిన ఆ డిస్కుల్లోంచి ప్రోగ్రాంను బయటికి లాగాను. ఆటనూ లాగాను. ప్రింటర్ తగిలించడానికి కొత్త దాంట్లో ఆ పాత రకం రంధ్రమే లేదు. దానికి మధ్యలో ఒక తీగ పెట్టి, ఆ తీగకు తిట్లూ శాపనార్థాలూ పెట్టి, చివరికి నల్లటి తెర మీద పచ్చటి అక్షరాలు తెప్పించాను. నిజం చెప్పాలంటే ఆ పూట నాకు చాలా గర్వంగా ఉండింది. ఇంత పని నంద్యాలలో ఇంకెవరు చేస్తారని మా ఆయన ముందు గొప్పలు పోయాను.

నాయన వచ్చి కూర్చొని తన పుట్టిన తేదీ కొట్టాడు. ఎంటర్ నొక్కీ నొక్కకముందే లెక్క అయిపోయింది. ఆయన కుర్చీలో వెనక్కు జరిగాడు.

"ఇంత బేగా ఎట్లయితుంది? ఇది లెక్క చెయ్యలేదు."

"చేసింది నాయనా. కొత్త మిషన్ కదా, దాని వేగం అట్లుంటుంది."

"గబగబా చెప్పేది ఎవురు నమ్ముతారు? పిల్లోల్ల బతుకులు. కాసేపు ఆలోచించినట్టన్నా ఉండల్ల గదా."

వాదించి లాభం లేదు. ఆ ఎమ్యులేటర్‌లో వేగం తగ్గించే వీలు ఉంది. పాత మిషన్ ఎంత నెమ్మదిగా నడిచేదో గుర్తు తెచ్చుకుంటూ తగ్గించుకుంటూ పోయాను. 'లెక్క జరుగుచున్నది' కనిపించి, చుక్కలు ఒక్కొక్కటే పడి, ఆయన తల ఊపేదాకా తగ్గించాను. ఇటుకల ఆట కూడా ఆ వేగానికే సరిపోయింది. అంతకుముందు బంతి కంటికే కనిపించలేదు. అలా దాన్ని ఆళ్లగడ్డకు పంపాం. మళ్ళీ ప్రింటర్ అరిచింది, మళ్ళీ బజారులో వాళ్ళు శెట్టి పెళ్ళి చేస్తున్నాడన్నారు.

రెండేళ్ళు గడిచాయి. బనగానపల్లె నుంచి మా అన్న కూతురికి ఒక సంబంధం వచ్చింది. మామిడికాయల వ్యాపారం చేసే కుటుంబం, మా వదినకు దూరపు చుట్టరికం. పిల్లవాడు మా పిల్లను ఏదో పెళ్ళిలో చూశాడు. మా పిల్లా చూసింది. చూసి వచ్చిన వారం నుంచి ఫోన్ చేతిలోంచి దిగలేదంటే నాకు అర్థం కాకపోతుందా. రెండు వైపులా పెద్దలకు ఇష్టమే. ఇక తాత పొంతన చూడటం ఒక్కటే మిగిలింది. ఇంట్లో అందరూ అది ఉత్త లాంఛనమే అనుకున్నారు.

తాత చూశాడు. కుదరలేదన్నాడు.

ముప్పై ఆరింటిలో పద్దెనిమిది గుణాలన్నా కలవాల్సిన చోట సగం కూడా కలవలేదట. పైగా పిల్ల జాతకంలో దోషమేదో ఉందట. ఊళ్ళో ఎందరికో అదే గదిలో కూర్చొని వద్దని చెప్పిన మనిషి తన మనవరాలికి ఇంకోలా చెప్పలేడు. మా అన్న నాయన మాట దాటడు. వదిన మూలకు పోయి ఏడ్చి ఊరుకుంది. బనగానపల్లెకు ఇంకా ఏ మాటా పంపలేదు, రెండు వారాలు ఆగమన్నారంతే. ఆ రెండు వారాల్లో మా పిల్ల నంద్యాల బస్సెక్కి నా అంగడికి వచ్చింది.

నేను జిరాక్స్ తీస్తూనే ఉన్నాను. పక్కన వచ్చి నిలబడి, నా చేతిలో కాగితాలు సర్దుతూ అన్నది.

"అత్తా, ఆ ప్రోగ్రాం పెట్టింది నువ్వే గదా."

"అవును."

"కలిసేట్టు చెయ్యి."

"ఏంది?"

"నీకు కంప్యూటర్ తెల్సు. లోపల ఏదో ఒకటి మార్చు. తాత మళ్ళీ కొడితే ముప్పై రావల్ల. నువ్వు ఎట్లా జాతకాలు నమ్మవు. నమ్మనిదాన్ని మారిస్తే తప్పేముంది?"

నాకు కోపం వచ్చింది. ఎందుకు వచ్చిందో అప్పుడు తెలియలేదు. "నోరు ముయ్యి. మీ తాతను మోసం చెయ్యమంటావా?" అని అరిచాను. లైనులో నిలబడిన వాళ్ళు తలెత్తి చూశారు. పిల్ల ఏడవలేదు. "ఆ అబ్బాయి కాకుంటే నాకు ఎవరూ వద్దత్తా. బెదిరిచ్చనీకి చెప్పడం లేదు. ఉండే మాట చెప్తాండా," అని కాగితాలు బల్ల మీద పెట్టి ఇంట్లోకి పోయింది. దాని మొండితనం నాకు తెలుసు. బంతి కింద పడ్డా మీట వదిలేది కాదు.

ఆ రోజంతా ఆ పిల్ల అడిగింది సబబే కదా అని లోపల ఒకటే సణుగుడు. నేను నమ్మని లెక్క అది. అంకెలే కదా. అయినా వేలు పెట్టడానికి చెయ్యి రాలేదు. కావాలంటే పోయి నాయనతో పోట్లాడతాను గానీ దొంగ పని చెయ్యను అనుకున్నాను. మర్నాడు పిల్లను వెంటబెట్టుకొని ఆళ్లగడ్డకు పోయాను.

నాయన అంగడి ముందు కూర్చొని ఉన్నాడు. నన్ను చూసి ఎందుకు వచ్చానో కనిపెట్టి, ఆ పొంతన కాగితం తెచ్చి నా ముందు పెట్టాడు. "నువ్వే సూడు," అన్నాడు. నేను ఆ కాగితాలు ఎన్నో చూశాను గానీ, ఏనాడూ చదవలేదు. అందరూ చూసేది కిందనే. మొత్తం ఎన్ని గుణాలు, కుదిరిందా లేదా. ఆ రోజు కోపంతో ఉన్నాను కాబట్టి, తప్పు పట్టాలని ఉంది కాబట్టి, పై నుంచి మొదలుపెట్టాను. పిల్ల పేరు. ఊరు నంద్యాల. వేళ సాయంత్రం. వారం శనివారం.

శనివారం ఏమిటి?

ఆ పిల్ల పుట్టింది వరలక్ష్మీ వ్రతం నాడు. ఆ రోజు నేను మరచిపోయేది కాదు. వదినను నంద్యాల ఆసుపత్రిలో చేర్చారు. నేను ఇంట్లో కలశం పెట్టి, చేతికి తోరం కట్టుకున్నాను. పసుపు దారమది, తొమ్మిది ముడులది. అప్పుడే ఫోన్ వచ్చింది. ఆ తోరంతోనే, పట్టుచీర కుచ్చెళ్ళు ఎగ్గట్టుకొని ఆటోలో పోయాను. లక్ష్మి పుట్టిందని నర్సు దగ్గర నుంచి అందరూ అన్నారు. వరలక్ష్మీ వ్రతం శుక్రవారం తప్ప ఇంకో రోజు రాదు.

ముందు నా పనితనాన్నే అనుమానించాను. వెనక గదిలోకి పోయి, ఎమ్యులేటర్ గడియారం ఏదన్నా తేడా చేసిందేమోనని చూశాను. నా తేదీ కొట్టాను, వారం సరిగ్గా వచ్చింది. మా అన్న తేదీ కొట్టాను, అదీ సరిగ్గా వచ్చింది. నాయనది, చనిపోయిన మా అమ్మది, అన్నీ సరే. పిల్లది కొడితే శనివారం. మళ్ళీ కొట్టాను. ఈసారి తెర వంక చూస్తూ నెమ్మదిగా కొట్టాను. రోజుకు రెండు గడులు. నెలకు రెండు గడులు. సంవత్సరానికి రెండు గడులు.

రెండే. సున్నా, రెండు.

ఆ ప్రోగ్రాం రాసినాయనకు సంవత్సరమంటే పందొమ్మిది వందలే. ముందర పందొమ్మిది అతను లోపలే వేసుకున్నాడు. మా పిల్ల రెండువేల రెండు అందులో పందొమ్మిది వందల రెండు అయిపోయింది. అప్పటికి పెళ్ళీడుకొచ్చిన వాళ్ళెవరూ రెండువేల తరవాత పుట్టలేదు. పసిపిల్లలకు పేరు పెట్టేటప్పుడు నాయన ఆ ఏటి పంచాంగమే చూసేవాడు, కంప్యూటర్ ముట్టేవాడు కాదు. అందుకే ఇన్నేళ్ళూ ఎవరికీ తెలియలేదు. రెండువేల తరవాతి పిల్లలు పెద్దవాళ్ళై సంబంధాలకు రావడం మొదలయ్యేసరికి పాత మిషన్ చచ్చిపోయింది. సరిగ్గా చావాల్సిన వేళకే చచ్చింది. నేను ఊరుకోకుండా దాన్ని లేపి కూర్చోబెట్టాను. నాయన తన మనవరాలికని చూసింది నూరేళ్ళ కింద పుట్టిన ఎవరిదో జాతకం.

నాకు పట్టలేని సంతోషం వేసింది. గది బయటికి వచ్చి, "పిల్లా, నీ పెళ్ళి అయినట్టే," అన్నాను. పిల్ల కుర్చీలోంచి లేచింది. నాయనకు తెర చూపించి, గడులు చూపించి, వరలక్ష్మీ వ్రతం గుర్తు చేసి అంతా చెప్పాను. ఆయన విన్నాడు. కాగితం కళ్ళ దగ్గరగా పెట్టుకొని ఆ 'శనివారం' అన్న మాట చదివాడు.

"పైన ఏముందో సూడనే లేదు నేను," అన్నాడు. ఆ తరవాత అడిగాడు. "ఎప్పటి నుంచి ఇట్ల?"

"కొత్త మిషన్ పెట్టినప్పటి నుంచి, రెండువేల తరవాత పుట్టిన వాళ్ళందరికీ."

నా సంతోషం ఎంత తెలివితక్కువదో అప్పుడు తెలిసింది. నేను ఒక్క పిల్ల గురించే ఆలోచిస్తున్నాను. ఆయన ఆ గదిలో తన ముందు కూర్చొని లేచిపోయిన వాళ్ళందరినీ తలచుకుంటున్నాడు. ఒక్కొక్కరి ముఖమూ గుర్తొస్తున్నట్టు కళ్ళు మూసుకొని, మధ్యమధ్యలో "అయ్యో" అంటున్నాడు.

"తాతా, మల్ల నాది చూడు," అన్నది పిల్ల.

"చూస్తా తల్లీ. నీది తర్వాత," అని లేచి, పాత పంచాంగాల కట్ట చంకన పెట్టుకొని చెప్పులు వేసుకున్నాడు. "పాపా, నాతో రా."

రోడ్డు పక్కన శిల్పుల కొట్టాల్లో ఒకదాని ముందు ఆగాడు. ఆళ్లగడ్డలో ఆ రోడ్డంతా రాతి దుమ్మూ ఉలి చప్పుడే. ఆ కొట్టం శిల్పి మా నాయనకు ఎప్పటి నుంచో తెలుసు. రెండేళ్ళ కింద ఆయన కూతురికి మొదటి సంబంధం వస్తే నాయన కుదరలేదన్నాడు. తరవాత పగిడ్యాల నుంచి ఇంకొకటి వచ్చింది, అది దివ్యంగా ఉందన్నాడు. పెళ్ళయింది. ఆ పిల్ల ఏడాది తిరగకుండానే పుట్టింటికి వచ్చేసింది. ఆ ఇంటి గొడవ ఊరంతటికీ తెలుసు. మొగుడు కొట్టేవాడు.

శిల్పి ఉలి పక్కన పెట్టి, మా కోసం మంచం వాల్చాడు. నాయన కూర్చోలేదు. డొంకతిరుగుడు లేకుండా చెప్పేశాడు. మిషన్ తప్పు చెప్పింది, నేను చూసుకోలేదు, నీ బిడ్డ జాతకం మళ్ళీ చూడాలని వచ్చాను అన్నాడు. నేను మధ్యలో ఏదో సర్దబోతే చెయ్యి అడ్డం పెట్టాడు.

"ఇప్పుడు చూసి ఏం జేస్తావు శెట్టీ?" అన్నాడు శిల్పి.

"నిజమేందో నాకు తెలియల్ల."

శిల్పి తన బిడ్డ పుట్టిన తేదీ, వేళ చెప్పాడు. మొదటి సంబంధం పిల్లవాడి నక్షత్రం ఏదని నాయన అడిగితే, ఆలోచించకుండానే "రోహిణి" అన్నాడు. రెండేళ్ళయినా ఆయన మరచిపోలేదు. నాయన కట్టలోంచి ఆ ఏటి పంచాంగం తీసి నా చేతికిచ్చి చదవమన్నాడు. ఆ చిన్న అక్షరాలు ఆయనకు కనిపించవు. నమ్మకం లేని నేను, ఆ కొట్టంలో నిలబడి, తిథీ నక్షత్రమూ గడియలూ పైకి చదివాను. ఆయన వేళ్ళ కణుపుల మీద లెక్కకట్టాడు. ఎప్పుడు లోపలి నుంచి వచ్చిందో, శిల్పి కూతురు గుంజకు ఆనుకొని నిలబడి ఉంది.

"మొదటిది కలిసిందా?" అని అడిగింది.

మా నాయన తల ఎత్తలేదు. "బాగా కలిసిందమ్మా," అన్నాడు.

ఆ పిల్ల మాకు నీళ్ళు తెచ్చిన చెంబు అక్కడే గట్టు మీద పెట్టి లోపలికి పోయింది. శిల్పి మాత్రం అన్నాడు. "నువ్వు చెడ్డ చెయ్యల్లని చెయ్యలేదు, నాకు తెల్సు. కానీ ఈ మాట చెప్పకుండా ఉండింటే బాగుండు. ఇన్నాళ్ళూ రాత అనుకొని గమ్మునుంటిమి."

దారిలో నేను ఊరుకోలేకపోయాను. "ఆ మొగుడు కొట్టింది నక్షత్రాలు చూసి కాదు నాయనా. వాడు తాగుబోతు. నీ లెక్క సరిగ్గా ఉన్నా వాడు కొట్టేవాడే," అన్నాను. ఇంకా చాలా అన్నాను. నాకు అప్పుడు ఎవరి మీదో ఒకరి మీద కోపం పడాలి. ఆ ప్రోగ్రాం రాసినాయన మీద, కాగితం పైభాగం చదవని ఊరి మీద, వేగం తగ్గించి చుక్కలు పెట్టించుకున్న మా నాయన మీద. ఆయన నడుస్తూనే ఉన్నాడు. నా కోపం నా మీదికే తిరిగి వచ్చింది. ఆ చుక్కలు నేను పెట్టినవే. ఆలోచిస్తున్నట్టు కనిపించాలని, ఆలోచన లేని దాన్ని నెమ్మది చేసి ఇచ్చింది నేనే.

ఇంటికి వచ్చాక భోజనం కూడా చెయ్యకుండా మనవరాలి జాతకానికి కూర్చున్నాడు. వెనక గదిలో మేమిద్దరమే. పిల్ల వాకిట్లో కూర్చొని ఉంది. మళ్ళీ నేను చదవడం, ఆయన కణుపులు లెక్కపెట్టడం. శుక్రవారం వచ్చింది. గుణాలు పద్దెనిమిది దాటాయి. నేను ఊపిరి పీల్చుకున్నాను. ఆయన ముఖం మాత్రం తేటపడలేదు. ఇంకోసారి చదవమన్నాడు. చదివాను.

"నాడి ఒకటే పాపా," అన్నాడు.

"అంటే?"

"ఇద్దరిదీ ఒకే నాడి. దీనికి చెయ్యగూడదంటారు. పుట్టబోయే బిడ్డలకు మంచిది కాదంటారు. నేను ఎవురికీ చెప్పలేదు ఇట్లాంటిది చేసుకోమని, ఇన్నేండ్లలో."

మిషన్ చెప్పింది తప్పు. చేత్తో చూసిందీ అదే మాట, వేరే కారణంతో. నాకు నవ్వొచ్చింది, ఏడుపొచ్చింది. ఇక ఆ పిల్లకు ఏం చెప్పాలో తెలియక పంచాంగం మూసేశాను. నాయన తలుపు వైపు చూశాడు. అక్కడ ఆ పిల్ల వీపు కనిపిస్తూ ఉంది.

"కలిసిన దాన్ని కలవలేదని శిల్పి బిడ్డను ముంచితిని. ఇప్పుడు ఏ మొగం పెట్టుకొని దీనికి వద్దనేది?" అన్నాడు. "నాడి సంగతి నీకూ నాకే తెల్సు. మూడో మనిషికి తెలియగూడదు."

బయటికి పోయి, బనగానపల్లెకు ఫోన్ కలపమని అన్నకు చెప్పాడు. అందరం వింటుండగా, "మా పక్క నుంచి అడ్డమేమీ లేదప్పా, ముహూర్తం పెట్టుకోండి," అన్నాడు. పిల్ల వచ్చి తాత నడుము పట్టుకుంది. ఆయన దాని తల మీద చెయ్యి పెట్టాడు. ఇంకో చేత్తో కళ్ళు తుడుచుకున్నాడు. మిగతావాళ్ళు అది సంతోషమనుకున్నారు.

ఆ ప్రోగ్రాం తీసెయ్యమన్నాడు, తీసేశాను. ఫ్లాపీలు ఆయనే కత్తిపీట మీద పెట్టి కోశాడు. ఆ తరవాత ఎవరు కాగితం కోసం వచ్చినా, "కండ్లు కనపడవప్పా, ఇంక సూడను," అని పంపించేస్తున్నాడు. ఆ కంప్యూటర్‌లో ఇప్పుడు ఇటుకల ఆట ఒక్కటే ఉంది. పెళ్ళికి ముందు పిల్ల తాతతో అది ఒకసారి ఆడింది. చెరొక మీట. బంతి కింద పడితే తాత మొత్తుకోలేదు, తప్పు నాదేలే అన్నాడు.

పెళ్ళి బాగా జరిగింది. బనగానపల్లెలో మా పిల్ల సుఖంగా ఉంది. వాళ్ళ ఆయన మంచివాడు. అత్తగారు నోటి దురుసే గానీ మనసు మంచిది. నాయన మాత్రం ఆ నంబరు నుంచి ఫోన్ వస్తే తాను ఎత్తడు. ఇంకొకరు ఎత్తి, మాట్లాడి, వాళ్ళ ముఖం మామూలుగా ఉంటే అప్పుడు తీసుకుంటాడు.

ఈ రోజు మా పిల్లకు ఐదో నెల స్కానింగు. నంద్యాలలోనే. మొగుడూ పెళ్ళామూ ఆసుపత్రికి పోయారు. నేను వెంట పోదామని చెప్పులు వేసుకుంటుండగా నాయన అంగడి మెట్లెక్కాడు. వస్తున్నానని ఎవరికీ చెప్పలేదు. బస్సులో వచ్చాడు. నేను పోవడం మానేసి ఆయన పక్కన కూర్చున్నాను. మంచినీళ్ళు ఇస్తే తాగలేదు. జనం వస్తున్నారు, కాగితాలిస్తున్నారు, మా ఆయన జిరాక్స్‌లు తీస్తున్నాడు.

"నువ్వు జాతకాలు నమ్మవు గదా పాపా," అన్నాడు నాయన.

"నమ్మను నాయనా."

"ఇంకోతూరి చెప్పు."

"నమ్మను. అదంతా ఉత్తదే," అన్నాను. గట్టిగానే అన్నాను. అంటూనే బల్ల మీది ఫోన్ మోగుతుందేమోనని అటు చూశాను. నేను చూడటం ఆయన చూశాడు.